శ్రీమతి మేరీ సీకోల్ జీవిత చరిత్రము

క్రిమియా యుద్ధమనగానే మన విద్యార్థులకు చేత దీపము ధరించి, రాత్రివేళ ఆసుపత్రి వసారాలలో రోగుల నడుమ తిరుగుచుండిన ఫ్లారెన్స్ నైటింగేల్ దొరసాని జ్ఞప్తికి వచ్చును. ఆమె కథ మన వాచకములలో చోటుచేసికొనినది, చేసికొనవలసినదే. కాని అదే యుద్ధమున, ఫిరంగుల మ్రోత వినవచ్చునంత దూరమున ఒక రేకుల కొట్టము కట్టించుకొని, గాయపడినవారికి కట్లు కట్టి, రోగులకు మందిచ్చి, ఆకలిగొన్నవారికి అన్నము పెట్టిన స్త్రీ మరియొకతె కలదు. ఆమెను అచటికి ఎవ్వరును పంపలేదు. పంపుడని ఆమె వేడుకొనిన చోట్లనెల్ల తలుపులు మూతపడెను. ఆమె తన సొమ్ముతో తానే పోయెను. ఆమె పేరు మేరీ సీకోల్.

ఆమె 1805వ సంవత్సరమున వెస్టిండీసు దీవులలోనిదగు జమెయికాయందు, కింగ్‌స్టన్ పట్టణమున జన్మించెను. తండ్రి గ్రాంట్ అను స్కాట్లాండు దేశస్థుడు, ఆంగ్ల సైన్యమునందు ఉద్యోగి. తల్లి ఆఫ్రికా సంతతికి చెందిన స్వతంత్ర స్త్రీ. స్వతంత్ర యని వేరుగా చెప్పుటకు కారణము కలదు. ఆ కాలమున ఆ ద్వీపమందలి చెరకుతోటలలో లక్షలకొలది ఆఫ్రికా సంతతివారు బానిసలై, కొనుటకును అమ్ముటకును తగిన సరకువలె బ్రతుకుచుండిరి. బానిసత్వమును తొలగించు శాసనము 1833లో పుట్టి, 1834 ఆగస్టు 1వ తేదీన అమలులోనికి వచ్చెను. పూర్తి విడుదల 1838 వరకు కలుగలేదు. మేరీ బానిస కాదు. అయినను ఆమెవంటి మిశ్రజాతివారికి ఆమె బాల్యమున వోటు లేదు, ప్రభుత్వోద్యోగము లేదు. తండ్రి రక్తమును బట్టి ఆమె తెల్లవారిలో చేరదు. తల్లి స్వాతంత్ర్యమును బట్టి బానిసలలో చేరదు. ఈ రెంటి నడుమ సన్నని గట్టుమీద ఆమె జీవితము ఆరంభమైనది.

తల్లి కింగ్‌స్టన్‌లో బ్లండెల్ హాల్ అను బస గృహము నడుపుచుండెను. ఆమె మూలికల గుణములెరిగిన వైద్యురాలు. దీవికి క్రొత్తగా వచ్చిన ఆంగ్ల సైనికులు, నావికులు, వారి కుటుంబములవారు అచటి జ్వరములకు తాళలేక ఆ యింట చేరి ఆమెచేత చికిత్స పొందుచుండిరి. తల్లిని చూచి బిడ్డ నేర్చెను. మొదట తన బొమ్మకు రోగము తెప్పించి మందు పోయుట. తరువాత ఇంటి కుక్కలకును పిల్లులకును పోయుట. వానికి ఎట్లుండెనో అవి చెప్పజాలవు గనుక తుదకు తానే త్రాగి చూచుకొనుట. ఇట్టి చదువునకు పట్టా ఇచ్చు కళాశాల లేదు. పండ్రెండేండ్లు వచ్చునప్పటికి మేరీ తల్లి ప్రక్కన నిలిచి రోగులకు ఉపచారము చేయసాగెను.

యౌవనమున ఆమె రెండు పర్యాయములు లండనునకు పోయెను. రెండవ పర్యాయము స్వదేశపు పచ్చళ్లను, మురబ్బాలను మూటగట్టుకొనిపోయి అచట అమ్మెను. లండను వీధులలో కొంటె పిల్లలు ఆమె వెంటనున్న నల్లని చెలికత్తె దేహచ్ఛాయను చూచి గేలిచేయగా ఆ మాట ఆమె మనస్సునందు నాటుకొనినది. ముప్పది యేండ్లు గడచిన పిమ్మట వ్రాసిన తన చరిత్రములో దానిని మరువక చెప్పినది. 1836లో ఎడ్విన్ సీకోల్ అను ఆంగ్లేయుని వివాహమాడెను. అతడు దుర్బల దేహుడు, 1844లో గతించెను. స్వల్పకాలములోనే తల్లియు పోయెను. అంతకు ముందే, 1843లో కింగ్‌స్టన్‌నందు పుట్టిన అగ్నిప్రమాదమున బ్లండెల్ హాల్ బూడిదయైనది. ఆమె దానిని మరల కట్టించెను.

1850లో జమెయికాను కలరా పట్టుకొనెను. మన పెద్దలు గత్తర యనియు మహమ్మారి యనియు పేరు చెప్పుటకు సైతము జడియుచుండిన వ్యాధి యిదియే. ఆ దీవిలో సుమారు 32,000 మంది మరణించిరి. మేరీ దాని నడకను అప్పుడు శ్రద్ధగా గమనించెను. మరుసటి యేట పనామా భూసంధియందలి క్రూసెస్ అను ఊర బస గృహము పెట్టుకొనియుండిన సోదరుని చూడబోయినప్పుడు ఆ జ్ఞానము అక్కరకు వచ్చినది.

క్రూసెస్ అనగా ఏమో చెప్పవలెను. కాలిఫోర్నియాలో బంగారము పడినదను వార్త విని అమెరికావాసులు వేలకొలది ఆ భూసంధిమీదుగా ప్రయాణము చేయుచుండిరి. నదియొడ్డున బురదలో లేచిన గుడిసెల ఊరది. ఆమె వెళ్లిన కొలది దినములకే, సోదరునితో కలిసి భోజనముచేసి పోయిన స్పెయిను దేశస్థుడొకడు కొన్ని గంటలలో చనిపోయెను. విషము పెట్టిరని ఊరివారు అనుమానించిరి. మేరీ పోయి శవమును చూచెను. కుంచించుకొనిపోయిన ముఖమును, నీలి తిరిగిన చర్మమును చూచి ఇది విషము కాదు, కలరా యని చెప్పెను. ఊరిలో వైద్యుడు లేడు; భయముతో వణకుచున్న పండ్ల వైద్యుడొక్కడు తప్ప. రోగులందరు ఆమెనే పిలిచిరి. ఆవపిండి పట్లు వేయుట, వేడి కాపడములు పెట్టుట, వాంతి చేయించుట, దాల్చినచెక్క వేసి కాచిన నీరు త్రాగించుట, కిటికీలు తెరపించి గాలి సోకనిచ్చుట ఆమె పద్ధతి. ధనవంతులు రుసుము చెల్లించిరి. పేదలయొద్ద ఆమె పుచ్చుకొనలేదు. కంచరగాడిదలను తోలు పేదకూలీలు తమ పశువులతోబాటు పడుకొనియున్న పాకలోనికి రాత్రివేళ పోయి, తెల్లవారువరకు వారి నడుమ నేలపై కూర్చుండెను. తన యొడిలో ప్రాణము విడిచిన ఏడాది బిడ్డ దేహమును నదియొడ్డున రహస్యముగా కోసి చూచి, ఆ రోగము లోపల చేయు పనిని తెలిసికొనెను. తుదకు తానును ఆ వ్యాధి వాతబడి బయటపడెను.

ఆమె మందులన్నియు మంచివని నేటి వైద్యులు అంగీకరింపరు. పాదరసముతోను సీసముతోను చేసిన మందులను ఆమెయు వాడినది. అవి దేహమునకు కీడు చేయునవి. ఆ కాలపు పట్టభద్రులైన వైద్యులును వానినే వాడుచుండిరి. కలరా క్రిమిని కోఖ్ పండితుడు వివరించుట 1883, 1884 సంవత్సరములనాటి మాట. ఉప్పును చక్కెరయు కలిపిన నీటితో కలరా రోగిని బ్రతికింపవచ్చునని లోకము తెలిసికొనుటకు ఇంక నూరేండ్లకు పైగా పట్టినది. అయినను దాహముతో నాలుక పిడచకట్టిన రోగికి ఆమె నీరు పోసెను. ఎవడు తాకినను తనకు అంటునని పారిపోవు కాలమున ప్రక్కన కూర్చుండెను.

ఇంత చేసినందులకు ఆమెకు లభించిన బహుమానము వినుడు. జూలై 4వ తేదీన అమెరికావారు తమ స్వాతంత్ర్యదినపు విందు చేసికొనుచు, ఒకడు లేచి ఆమె సేవలను మిక్కిలి పొగడెను. పొగడి, ఇట్టి ఉత్తమురాలు పూర్తిగా తెల్లనిది కాకపోవుట విచారకరమనియు, చాకలి గుడ్డను తెల్లబరచునట్లు ఆమెను తెల్లబరచు ఉపాయమున్నచో తాము అట్లే చేసి ఎల్ల సభలలోను ఆమెను కూర్చుండబెట్టుదుమనియు భావము వచ్చునట్లు పలికెను. అతడు అవమానింపదలచి యట్లు పలుకలేదు, గౌరవమే చేయుచున్నాననుకొనెను. మేరీ అంతట లేచి, తన రంగు ఇంక నెంత నల్లనిదైనను తనకు సంతోషమే యనియు, అట్టి తెలుపువలన వచ్చు స్నేహము తనకు అక్కరలేదనియు తేటగా సమాధానము చెప్పెను. పిమ్మట ఆమె జమెయికాకు మరలుటకై రూకలు చెల్లించి ఒక అమెరికా ఓడ నెక్కగా, అందలి దొరసానులు నల్లని స్త్రీతో కూడ ప్రయాణము చేయమని పట్టుబట్టిరి. ఆమె దిగిపోవలసివచ్చెను. రేవులో వేచియుండి, తరువాత వచ్చిన ఆంగ్ల నౌకలో ఇల్లు చేరెను. కలరా రోగి చెంతకు పోవునప్పుడు ఎవ్వరికిని కనబడని రంగు ఓడ మెట్లమీద కనబడినది!

1853లో జమెయికాలో పచ్చజ్వరము ప్రబలగా సైనిక వైద్యాధికారులే ఆమెను పిలిచి, అప్-పార్క్ శిబిరమున ఉపచారపు ఏర్పాట్లు చూడుమని కోరిరి. ఆ దండులలోని సైనికులకు ఆమె తల్లివలెనుండెను. ఆ మరుసటి యేడు రష్యాతో యుద్ధము వచ్చి, ఆమె ఎరిగిన ఆ దళములలో కొన్ని క్రిమియాకు తరలిపోయినవి. అచట తుపాకి గుండ్లకంటె కలరా, విరేచనములు, జ్వరములు, చలి ఎక్కువ మందిని చంపుచుండెను. ఆ యుద్ధము ముగియునప్పటికి చనిపోయిన ఆంగ్ల సైనికులు సుమారు 21,000. వారిలో సుమారు 16,000 మంది వ్యాధులచేతనే పోయిరి. ఈ వ్యాధులను ఆమె ఎరుగును. కనుక 1854 శరత్కాలమున ఆమె లండను చేరెను. అప్పటి కామె వయస్సు నలువదితొమ్మిది.

మొదట యుద్ధశాఖకు పోయెను. అచటి యువ ఉద్యోగులు మర్యాదగా విని మరియొక కార్యాలయమునకు పంపిరి. ఆ కార్యాలయమువారు వైద్యశాఖకు పంపిరి. అచటను పని కాలేదు. నైటింగేల్ దొరసాని ముప్పదియెనిమిదిమంది దాదులతో అక్టోబరు 21వ తేదీననే బయలుదేరిపోయినది. ఇంకొక గుంపును పంపుటకు యత్నము జరుగుచుండెను. ఆ గుంపులో చేరవలెనని మేరీ యుద్ధమంత్రి హెర్బర్ట్ గారి యింటికి పోయి, ఆయన భార్యను చూడగోరి చావడిలో చాలసేపు కూర్చుండెను. రాకపోకలు చేయు నౌకరులు ఆమెను వింతగా చూచుచుండిరి. కావలసినంతమంది దాదులు దొరికిరని తుదకు కబురు వచ్చినది. నైటింగేల్ సహచారిణులలో ఒకామెను కలిసికొనగా ఆమెయు అట్లే చెప్పెను. ఖాళీ యున్నను తనకు ఈయరని మేరీ ఆమె ముఖమునందే చదువుకొనెను. తుదకు దారిఖర్చులు మాత్రమిచ్చి పంపుడని సైనిక సహాయనిధివారిని అడిగెను. వారును లేదనిరి. ఆ శీతకాలపు సాయంకాలమున మసకచీకటిలో లండను వీధియందు నిలిచి ఆమె కన్నీరు విడిచెను. అమెరికావారియందు తాను చూచిన వర్ణద్వేషము ఈ దేశమునను వేరు పారినదా యని ఆమెకు మొట్టమొదటిసారి అనుమానము కలిగినది.

ఈ విషయమున చరిత్రకారులలో భేదాభిప్రాయములు కలవు. ఆమె వయస్సు మీరినది, ఆసుపత్రిలో క్రమమైన శిక్షణ పొందలేదు, ఆలస్యముగా వచ్చినది, కనుకనే తీసికొనలేదు, రంగు కారణము కాదని కొందరందురు. ఈ మాటలలో కొంత నిజమున్నది. కాని అప్పుడు పంపబడిన దాదులలో పలువురకు అక్షరజ్ఞానమే తక్కువ. కలరాను చూచినవారు అరుదు. ఆమె చేతిలోనో సైనిక వైద్యుల యోగ్యతాపత్రములుండెను. ఏ కార్యాలయమందును ఏ యుద్యోగియు నీ రంగు మాకు సరిపడదని నోరు విప్పి చెప్పలేదు. అందరును నవ్వుముఖముతో మరియొక తలుపు చూపిరి. అమెరికా ఓడలోని దొరసానులు తమ మనస్సులోని మాటను దాచలేదు. ఎదిరించి సమాధానము చెప్పుటకు అందువలన వీలుపడినది. మర్యాదతో మూసిన తలుపునకు ఏమని సమాధానము చెప్పవలెను? కారణము తెలియదు, నేరము మోపుటకు మనిషి కనబడడు, అవమానము మాత్రము ఇంటివరకు వెంట వచ్చును. నా మట్టుకు ఈ రెండవదియే కఠినమని తోచును.

ఆమె ఏడ్చి ఊరకుండలేదు. భర్త బంధువగు డే అను వర్తకునితో భాగస్థురాలై, సరకులను మందులను కొని, 1855 జనవరిలో ఓడ యెక్కెను. త్రోవలో కాన్‌స్టాంటినోపుల్ పట్టణమున కెదురుగానున్న స్కుటారి ఆసుపత్రికి పోయి నైటింగేల్ దొరసానిని దర్శించెను. ఇద్దరును కొలది నిమిషములు మర్యాదగా మాటలాడుకొనిరి. ఆ రాత్రి మేరీ అచటి చాకలివారి గదిలో పరుండి మరునాడు సాగిపోయెను.

బాలక్లావా రేవునుండి సెబాస్టపోలు ముట్టడి జరుగు తావునకు పోవు బాట ప్రక్కన స్ప్రింగ్ హిల్ అను మిట్ట కలదు. సముద్రము ఒడ్డునకు కొట్టిన దుంగలు, సరకులు వచ్చిన పెట్టెల చెక్కలు, ఇనుప రేకులు ఏరి తెచ్చి ఆమె అచట ఇల్లు లేపెను. దానికి బ్రిటిష్ హోటల్ అని పేరు. ఖర్చు 800 పౌనులైనదట. పేరు హోటలే కాని అది అంగడి, వంటయిల్లు, ఔషధశాల, అన్నియు. ఉదయము ఏడు గంటలకు కాఫీ సిద్ధము. తొమ్మిదిన్నర మొదలు రోగులు వచ్చుచుండిరి. ఒక్కొక్కనాడు వారిని చూచి పంపునప్పటికి మధ్యాహ్నము దాటుచుండెను. అధికారులు వెల యిచ్చి కొనిన సరకుల లాభముతో సామాన్య సిపాయికి మందు దొరకుచుండెను. ఆమె పొరుగున సామాను బండ్ల దళమువారు, బాటలు వేయు కూలీలు దిగియుండిరి; రోగము వచ్చినచో వారికి ఆమెయే దిక్కు. ఆసుపత్రికి పోవుటకన్న చావు మేలనుకొను సిపాయి సైతము ఈమె యింటికి నడిచి వచ్చుచుండెను. పాలు దొరకకున్నను బియ్యపు పాయసము వండి పెట్టుచుండెను. రాత్రి ఎనిమిదింటికి తలుపులు మూయబడును, ఆదివారము బేరము లేదు, జూదము లేదు. అందరును ఆమెను సీకోల్ తల్లి యని పిలిచిరి.

యుద్ధదినములందు రొట్టెలు, మందులు, కట్టుగుడ్డలు సంచులలో నింపి కంచరగాడిదలమీద వేసికొని ఆమె రణరంగమునకే పోవుచుండెను. 1855 జూన్ 18వ తేదీని గుండ్లవర్షమునుండి తప్పించుకొనుటకై నేలమీద పడగా ఆమె బొటనవ్రేలు బెణికి, జన్మాంతము సరిగా కుదురలేదు. ఆగస్టు 16వ తేదీని చెర్నాయా నదీతీరమున పోరు జరిగినప్పుడు ఆమె ఫ్రెంచివారికిని, సార్డీనియావారికిని, శత్రువులగు రష్యనులకును కట్లు కట్టెను. దవడలో గుండు దిగియున్న రష్యా సిపాయి నోటిలో వ్రేలుపెట్టి ఆమె గుండును వెదకుచుండగా, అతడు ప్రాణమువిడుచుచు పండ్లు బిగించెను. ఆ గాటు ఆమె వ్రేలిపై నిలిచిపోయినది. ఎవరి సిపాయి యని ఆమె అడుగలేదు. సెప్టెంబరులో సెబాస్టపోలు పడినప్పుడు మండుచున్న ఆ పట్టణమున ప్రవేశించిన మొదటి స్త్రీ తానేనని ఆమె వ్రాసికొనినది. టైమ్స్ పత్రికా విలేఖరి రస్సెల్ ఈమె పనిని కన్నులార చూచి లోకమునకు తెలిపెను.

ఆమెను దోషములేని దేవతగా చిత్రించుట న్యాయము కాదు. ఆమె వ్రాసిన గ్రంథమునందు గ్రీకులను గూర్చియు, తురుష్కులను గూర్చియు, పనామాలోని స్థానికులను గూర్చియు తేలికమాటలున్నవి. తన రంగును చూచి ఇతరులు చేసిన తీర్పునకు నొచ్చుకొనిన మనస్సే మరియొక జాతిని గూర్చి అట్టి తీర్పు చేసినది. కలము పట్టినప్పుడు ఇట్లు జారినను, కట్టు కట్టునప్పుడు ఆమె చేయి జారలేదు.

1856 మార్చి 30వ తేదీని సంధి జరిగెను. సైన్యములు తరలిపోయెను; ఆమె కొని నిలువచేసిన సరకు కొనువాడు లేక పాడైనది. ఇంగ్లండు చేరునప్పటికి చేతిలో కాసు లేదు. ఆ నవంబరులో దివాలా న్యాయస్థానము మెట్లెక్కవలసివచ్చినది. అప్పుడు సిపాయిలు ఆమెను మరువలేదు. 1857 జూలైలో ఆమె సహాయార్థము లండనులో నాలుగు దినములు గొప్ప సంగీతోత్సవము జరిగెను; వేయిమందికి పైగా అందు పాల్గొనిరి. కాని ఆ తోటను నడుపు సంఘము దివాలా తీయుటచే ఆమెకు దక్కినది 57 పౌనులు మాత్రమే. ఆ నెలలోనే అనేక దేశములలో తన సాహసములను వర్ణించుచు ఆమె వ్రాసిన గ్రంథము వెలువడినది. 1867లో వేల్సు యువరాజు మొదలగువారి ప్రాపున మరల చందాలు పోగైనవి. ఆమె శేషజీవితము సుఖముగా గడచినది. నైటింగేల్ దొరసాని మాత్రము 1870లో తన బావకు వ్రాసిన ఏకాంతపు జాబులో, సీకోల్ సైనికులయెడ దయచూపి మేలు చేసినదని ఒప్పుకొనుచునే, ఆమె యింట త్రాగుడు సాగెననియు, ఆ యిల్లు మంచిపేరు గలది కాదనియు నిందించెను. మహనీయుల జాబులును మనుష్యుల జాబులే గదా.

మేరీ సీకోల్ 1881 మే 14వ తేదీని లండనులో మరణించెను. కెన్సల్ గ్రీన్‌లోని సెయింట్ మేరీస్ కతోలిక శ్మశానవాటికలో ఆమెను సమాధి చేసిరి. పత్రికలు సంతాపము ప్రకటించినవి. పిమ్మట మరపు. ఆమె సిపాయిలు ఒక్కరొక్కరుగా గతించిరి. ఆమె గ్రంథము మరల అచ్చుకాలేదు. పాఠశాలల పుస్తకములలో దీపధారిణి నిలిచినది, ఈమె నిలువలేదు. తొంబదియేండ్లకు పైగా గడచిన పిమ్మట, ఇంగ్లండు ఆసుపత్రులలో పనిచేయుటకు జమెయికానుండి వచ్చిన దాదులు ఆ సమాధిని వెదకి కనుగొనిరి. వారి పూనికతో 1973లో అది బాగుచేయబడినది. రెండవ ప్రపంచ యుద్ధానంతరము దాదులు చాలక ఇంగ్లండు వెస్టిండీసు స్త్రీలను పిలిపించుకొనియుండెను. వచ్చినవారిలో పెక్కుమంది తక్కువ పదవులలోనే నిలుపబడిరి, తెల్లని రోగులచేత తిరస్కారము పొందిరి. ఆ సమాధి రాతిమీది పేరు వారికి ఎట్లు కనబడియుండునో ఊహింపవచ్చును.

1984లో ఆమె గ్రంథము తిరిగి అచ్చైనది. 1990లో జమెయికా ప్రభుత్వము ఆమెకు ఆర్డర్ ఆఫ్ మెరిట్ అను బిరుదు నొసగినది. లండనులో ఆమె విగ్రహము నిలుపవలెనని చందాలు పోగుచేయుటకు పండ్రెండేండ్లు పట్టినది. అందులకు ఎన్నుకొనిన చోటు సెయింట్ థామస్ ఆసుపత్రి. నైటింగేల్ దొరసాని దాదుల పాఠశాల 1860లో స్థాపింపబడినది ఆ ఆసుపత్రియందే కావున, అచట ఈమె విగ్రహము తగదని కొందరు అభ్యంతరము చెప్పిరి. అయినను 2016 జూన్ 30వ తేదీని అది ప్రతిష్ఠింపబడినది. కంచు విగ్రహము, భుజమున సంచి, గాలికెదురుగా నడచుచున్న భంగిమ, థేమ్సు నదికి ఆవలనున్న పార్లమెంటు భవనము వైపు ముఖము. వెనుక నిలువెత్తు కంచు పలక యొకటి కలదు. క్రిమియాలో ఆమె కొట్టముండిన తావునకు పోయి, అచటి నేలను అచ్చుతీసి తెచ్చి ఆ పలకను పోతపోసిరి.